గొంతుకు స్టిక్కర్ అంటించలేదు

జీపీ, అంటే మా పేట డాక్టరు, నా ఎడమ చెవి పరీక్ష కాగితం చూసి, ఏం ఉద్యోగం చేసేవారని అడిగాడు. డబ్లిన్ పక్కన లీక్స్‌లిప్‌లో కంప్యూటర్ చిప్పుల ఫ్యాక్టరీలో టెక్నీషియన్‌నని చెప్పాను. అక్కడ అంత చప్పుడుంటుందా అన్నాడు. ఉండదన్నాను. మరి చెవి ఇలా ఎందుకైందన్నాడు. అప్పుడు రెండో ఉద్యోగం సంగతి చెప్పక తప్పలేదు. పద్నాలుగేళ్ళపాటు ఆదివారం ఆదివారం డబ్లిన్‌లో ఒక పబ్బు కింది నేలమాళిగలో డీజేగా పాటలు వేశానని చెప్పాను. ఎదురుగా యాభై నాలుగేళ్ళ తెలుగు ఆడమనిషి, కళ్ళజోడు, ఉన్ని స్వెటరు. ఆయన నమ్మినట్టు కనిపించలేదు.

ఫ్యాక్టరీ గురించి రాయను. వాళ్ళిచ్చిన జ్ఞాపికలు వంటింటి అల్మారాలో గిన్నెల వెనకాల పడి ఉన్నాయి. డీజే పనిలో జ్ఞాపికలు లేవు, చెవిలో ఆగని ఒక కూత తప్ప. ఈ మధ్య కొత్తగా ఈ పనిలోకి వచ్చినవాళ్ళు కొందరు, మీరెలా నడిపారో చెప్పండక్కా అని అడుగుతున్నారు. మెషిన్ నేర్పడానికి వారం చాలు. మిగతాది ఇక్కడ రాస్తున్నాను. గర్వంగా రాయడం లేదు, ఆ మాట ముందే చెప్పేస్తున్నాను.

ఆదివారం మధ్యాహ్నమే ఎందుకు

మాది క్వీర్ క్లబ్. ఆడవాళ్ళను ప్రేమించే ఆడవాళ్ళు, మగవాళ్ళను ప్రేమించే మగవాళ్ళు, పుట్టినప్పుడు కాగితం మీద రాసింది తమది కాదనుకునేవాళ్ళు వచ్చేవారు. వాళ్ళలోనూ ముఖ్యంగా నల్లవాళ్ళు, మనలాంటి చామనఛాయ వాళ్ళు. నేను మొదటి రకం. హన్మకొండలో ఉన్నన్నాళ్ళూ ఆ సంగతి నాకు నేనే చెప్పుకోలేదు.

ఊళ్ళో ఇలాంటి క్లబ్బులు వేరే లేవా అంటే, ఉన్నాయి. అక్కడ మమ్మల్ని తలుపు దగ్గర రెండుసార్లు ఎగాదిగా చూసేవారు. లోపలికి వెళితే, అసలు నీది ఏ దేశం అని అడిగేవారు. ఏడాదికి ఒక నెల, ప్రైడ్ పండగప్పుడు మాత్రం, పోస్టరు మీద మా మొహాలు వేసి, కొంచెం బాలీవుడ్ వెయ్యండి అనేవారు. పాటలు వెయ్యడానికి నేను రెండుసార్లు వెళ్ళాను. మూడోసారి పిలిస్తే, ఆ నెల నాకు జలుబు చేస్తుందని చెప్పాను.

మా క్లబ్‌ను మొదలుపెట్టింది ఫోలా. లాగోస్‌లో పుట్టింది, డబ్లిన్ శివారు క్లాండాల్కిన్‌లో పెరిగింది, పగలు అక్కడే ఒక గోదాములో పనిచేసేది. నాకంటే పదేళ్ళు చిన్నది, నాకు గురువు. మొదటి రోజు నాకొక గంట ఇచ్చింది. నాకిష్టమైన పాటలన్నీ వరసగా వేశాను. గంట పూర్తయ్యేసరికి నేల మీద ఎవరూ లేరు, అందరూ గోడలకానుకుని ఫోన్లు చూసుకుంటున్నారు. ఫోలా ఏమీ దాచుకోదు. "నువ్వు పాటలనే చూస్తున్నావు. మనుషుల్ని చూడు. అందరికంటే చివర నించున్నవాళ్ళు కాలు కదిపేదాకా నీ పని మొదలైనట్టు కాదు" అంది. నాకు చాలా కోపమొచ్చింది. ఆమె చెప్పింది నిజమని అర్థం కావడానికి ఆరు నెలలు పట్టింది.

మధ్యాహ్నం మూడు నుంచి ఎనిమిది దాకా అనే లెక్క కూడా ఆమెదే. మా దగ్గరకు వచ్చేవాళ్ళలో సగం మంది నర్సులు, ముసలివాళ్ళను చూసుకునే కేరర్లు, వంటవాళ్ళు. రాత్రి డ్యూటీలుంటాయి. మిగతా సగం మందికి ఇళ్ళలో జవాబు చెప్పుకోవాలి. శనివారం రాత్రి బయటికి వెళితే ఎక్కడికని అడుగుతారు. ఆదివారం మధ్యాహ్నం షాపింగ్‌కి అంటే ఎవరూ అడగరు. ఇది నేర్చుకోండి. మీ క్లబ్బు టైము మీ సౌకర్యం కోసం కాదు, వచ్చేవాళ్ళు చెప్పగలిగే అబద్ధం కోసం.

పబ్బు యజమాని డెక్లాన్. ఎలాగూ ఆ పూట కింద ఖాళీయే గదా, గ్రాండ్ అన్నాడు, ఇక్కడి భాషలో సరేనని. పద్నాలుగేళ్ళలో ఒక్కసారి కూడా కిందికి దిగి చూడలేదు. చప్పుడు ఎక్కువైందని ఎవరో ఫిర్యాదు చేస్తే గార్డులు, అంటే ఇక్కడి పోలీసులు, వచ్చారు. డెక్లాన్ మెట్ల మీద అడ్డంగా నిలబడి, కింద బర్త్‌డే పార్టీ జరుగుతోందని చెప్పి పంపించేశాడు. మంచివాడో కాదో ఇప్పటికీ తేల్చుకోలేను. మెట్ల మీద నిలబడ్డాడు, అంతవరకు చాలు.

తెర వెనక

మెట్లు దిగగానే ఒక తెర కట్టి ఉండేది. దాని వెనక అందరూ బట్టలు మార్చుకునేవారు. ఒక కొక్కేనికి నర్సు యూనిఫాం, ఇంకో కొక్కేనికి చర్చికి వేసుకున్న తెల్లచొక్కా, మరో దానికి హిజాబ్ వేలాడుతుండేవి. ఎనిమిదింటికి మళ్ళీ వాటిలోకి దూరి వెళ్ళిపోయేవాళ్ళు.

రెండు నియమాలు. ఒకటి, లోపల ఎవరినీ ఇంటిపేరు, పనిచేసే చోటు అడగకూడదు. రెండోది, తలుపు దగ్గరే ప్రతి ఫోన్ కెమెరా మీద చిన్న గుండ్రటి స్టిక్కర్ అంటించాలి. ఆ స్టిక్కర్లు నేనే అంటించేదాన్ని. ఎవరైనా పీకేస్తే బయటికి పంపేసేదాన్ని, తెలిసినవాళ్ళైనా సరే. ఆ విషయంలో నాకు రాక్షసి అని పేరు.

మన తెలుగువాళ్ళు ఇక్కడ ఎదురుపడితే మొదట అడిగేది ఏ ఊరు అని, తర్వాత ఎక్కడ చేస్తున్నారు అని. మూడో ప్రశ్నకల్లా మన మేనమామను వాళ్ళు గుర్తుపట్టేస్తారు. అందుకే మా మెట్ల మీద ఒక తెలుగు మొహానికి ఇంకో తెలుగు మొహం కనిపిస్తే సంతోషం కాదు, భయం వేసేది. ఒకసారి నేను తెలుగులో పలకరిస్తే, బెజవాడ అని చెప్పి ఒకమ్మాయి వెనక్కి తిరిగి వర్షంలోకి పరుగెత్తింది. మళ్ళీ రాలేదు. అప్పటినుంచి తెలుగువాళ్ళు అనిపిస్తే నేను ముందు ఇంగ్లీషులోనే మాట్లాడేదాన్ని. వాళ్ళంతట వాళ్ళు తెలుగు అందుకునేదాకా ఆగేదాన్ని.

ఇమ్మానుయేలు

ఇమ్మానుయేలు తెలుగు అందుకోవడానికి మూడు వారాలు పట్టింది. నాలుగో ఆదివారం స్టిక్కర్ అంటిస్తుంటే మెల్లిగా, "మీరు తెలంగాణ సైడా అక్కా?" అన్నాడు.

"ఎట్ల తెలిసింది?"

"ఇందాక మైకు వైరు తగిలి పడబోయి తిట్టుకున్నారు గదండీ. అక్కడే తెలిసిపోయింది."

ఇరవై ఎనిమిదేళ్ళవాడు. బాపట్ల దగ్గరి ఊరు. వృద్ధుల హోంలో కేరర్. బోమాంట్ ఆసుపత్రిలో నర్సుగా చేస్తున్న వాళ్ళక్క సునీత ఇంట్లో ఉండేవాడు. ఆమెకీ భర్తకీ షిఫ్టులు. వాళ్ళ ఆరేళ్ళ పాప హన్నాను బడికి పంపడం, తీసుకురావడం, అన్నం పెట్టడం, నిద్రపుచ్చడం ఇతని పని. ఆదివారం పొద్దున తెలుగు క్రైస్తవుల ప్రార్థన కూటంలో, ఫెలోషిప్ అంటారు, పాడేవాడు. పేరుకు కోరస్ అనేవారుగానీ ఇతని గొంతు కోసమే జనం ముందు వరసలో కూర్చునేవారట. అది ముగిశాక బస్సెక్కి మా దగ్గరికి వచ్చేవాడు. తెర వెనక తెల్లచొక్కా విప్పి చేతుల్లేని నల్ల బనియను వేసుకునేవాడు. డాన్సు అంత గొప్పగా ఏమీ చేసేవాడు కాదు. ఒక మూల కళ్ళు మూసుకుని ఊగేవాడు.

"రెండు చోట్లకీ వస్తున్నవు గదా, తల పగిలిపోతలేదా?" అని ఒకసారి అడిగాను.

"అక్కడ పాడతానక్కా. ఇక్కడ నేను నేనుగా ఉంటాను. రెండూ కావాలి నాకు. ఏదో ఒకటే తీసుకోమంటే మాత్రం చచ్చిపోతాను" అని నవ్వాడు. నేనూ నవ్వాను. అతను చెప్పింది అక్షరాలా తీసుకోవలసిన మాట అని నాకు తట్టలేదు.

హన్నాను నిద్రపుచ్చడానికి అతని దగ్గర ఒక జోలపాట ఉండేది. వాళ్ళ నాయనమ్మ కట్టిన పాటట, ఇంట్లోవాళ్ళకు తప్ప ఎవరికీ తెలియదు. బయట ఫెలోషిప్‌లో ఒక్క క్రిస్మస్‌కి మాత్రం పాడాడు. ఒక ఆదివారం చివరి అరగంటలో నేను వేగం తగ్గించి ఒక్క బేస్ దరువు మాత్రం నడిపిస్తుంటే, వచ్చి మైకు తీసుకున్నాడు. ఎవరూ అడగలేదు, తనే తీసుకున్నాడు. ఆ జోలపాట పాడాడు. మధ్యలో హన్నమ్మా అని రెండుసార్లు వచ్చింది. తెలుగు ముక్క రానివాళ్ళు ఆ గదిలో అరవై మంది ఉన్నారు. బ్రెజిల్ నుంచి వచ్చిన ఒక పెద్ద మనిషి నేల మీద కూర్చుండిపోయాడు. ఫోలా నా భుజం పట్టుకుంది. పద్నాలుగేళ్ళలో ఆ ఆరు నిమిషాలకు మించినది నేను వినలేదు.

నేను చేసిన పని

డీజేలకు ఒక అలవాటు ఉంటుంది. ప్రతి సెట్టూ, అంటే ఆ పూట వేసిన పాటల వరసంతా, రికార్డు చేసుకుని ఇంటికెళ్ళి వింటాం. ఎక్కడ పాటకూ పాటకూ మధ్య అతుకు కనబడింది, ఎక్కడ తొందరపడ్డాం అని చూసుకుంటాం. బాగున్నవాటిని ఇంటర్నెట్‌లో పెడతాం. కొత్తవాళ్ళు మమ్మల్ని కనిపెట్టేది అలాగే. గాల్వే నుంచి, లిమెరిక్ నుంచి రైలెక్కి వచ్చేవాళ్ళు అవి వినే వచ్చేవారు.

ఆ సెట్టు మూడుసార్లు విన్నాను. రెండు అతుకుల దగ్గర తప్పులు దొరికాయి, సరిచేశాను. ఎవరి పేరూ రాయలేదు. ఫోటో కూడా వట్టి ఇటుక గోడది పెట్టాను. కింద మాత్రం ఎప్పటిలాగే, నల్ల, చామనఛాయ క్వీర్ జనానికి ఆదివారం అని రాసి, ఇంటర్నెట్‌లోకి ఎక్కించి, ఉద్యోగానికి వెళ్ళిపోయాను.

అరవై మంది ఫోన్లకు స్టిక్కర్లు అంటించినదాన్ని, గొంతు కూడా మొహమే అని నాకు తోచలేదు. శబ్దమే నా వృత్తి. కంటికి కాపలా పెట్టి చెవిని వదిలేశాను. వేరే ఎవరైనా ఈ తప్పు చేస్తే క్షమించవచ్చు. డీజే చేస్తే కుదరదు.

పగతో ఎవరూ ఏమీ చేయలేదు. అది ఇంకా బాధ. ఎవరో ఆ జోలపాట వరకు కత్తిరించి పంపుకుంటూ పోయారు. తిరిగి తిరిగి ఫెలోషిప్ వాట్సాప్ గ్రూపులోకి ఒక ఆంటీ దాన్ని పంపింది. 'మన ఇమ్మానుయేలు ఎంత బాగా పాడాడో వినండి, దేవునికి స్తోత్రం' అని రాసింది. ఇరవై మంది చేతులు జోడించిన బొమ్మలు పెట్టారు. ఇది ఏ చర్చిలో అని ఒకాయన అడిగాడు. ఇంకెవరో వెతికి అసలు లింకు పెట్టారు. దాని కింద నేను రాసిన వాక్యం ఉంది.

సోఫా

బుధవారం ఫ్యాక్టరీ నుంచి వచ్చేసరికి ఇమ్మానుయేలు మా ఇంటి మెట్ల మీద సూట్‌కేసుతో కూర్చుని ఉన్నాడు.

"ఏమైందిరా?"

"ఏం లేదక్కా. బావ వేరే గది చూసుకోమన్నాడు. పిల్ల ఉన్న ఇల్లు గదా అన్నాడు. నెలాఖరు దాకా ఉండమన్నాడు, నేనే ఉండలేకపోయాను."

"మీ అక్క ఏమన్నది?"

"గిన్నెలు కడుగుతోంది. వెనక్కి తిరగలేదు."

పాస్టరుగారు ఫోన్ చేసి, కొన్నాళ్ళు పాటకు విశ్రాంతి ఇవ్వు బాబూ అన్నారట. గట్టిగా కూడా మాట్లాడలేదట. వాళ్ళు తిట్టి ఉంటే ఎదురు తిట్టేవాడు. ఎవరూ తిట్టలేదు.

నా తప్పు నేనే చెప్పాను. కాళ్ళు పట్టుకోవాలనిపించింది. అతను సూట్‌కేసు పిడి చూస్తూ, "ఇలా అవుద్దని మీకేం తెలుసక్కా" అన్నాడు. ఆ మాట నాకు ఊరటగా తోచలేదు. తెలియడమే నా పని.

మరుసటి పొద్దున నేను ఆ రికార్డింగు తీసేశాను. ఇంటర్నెట్‌లోంచి, లాప్‌టాప్‌లోంచి, డ్రైవులోంచి, అన్నిట్లోంచీ. ఫోలా దగ్గరున్నది కూడా తీయించాను. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమని తెలుసు, అయినా అది చేస్తే తప్ప ఊపిరి ఆడలేదు. అటు ఫెలోషిప్‌లో కూడా అందరినీ ఫోన్లలోంచి తీసేయమన్నారట. ఆ ఒక్క విషయంలో వాళ్ళూ నేనూ ఒకే పని చేశాం.

నాది లీజు మీద తీసుకున్న ఒక్క గది, వంటిల్లు. తా దూర సందు లేదు మెడకో డోలు అన్నట్టు, మనిషి తిరగడానికే చోటు లేని ఇంట్లో నాలుగు నెలలు సోఫా మీద పడుకున్నాడు. గది కోసం ఎక్కని మెట్టు లేదు. ఒక్కో గదికి నలభై మంది వచ్చేవారు. తెలుగు ఇళ్ళలో అడుగుదామంటే, ఫోన్ ఎత్తగానే వాళ్ళకు ముందే తెలిసినట్టు అర్థమయ్యేది.

మొదట్లో హన్నా వాళ్ళమ్మ ఫోన్లోంచి దొంగతనంగా పిలిచేది. తెలుగు అర్థమయ్యేది, జవాబు మాత్రం డబ్లిన్ యాసలో ఇంగ్లీషే. "ఆర్ యు కమింగ్ హోమ్ ఆర్ వాట్, మామా?" అని అడిగేది. వస్తా బంగారం, డ్యూటీ ఎక్కువైంది అనేవాడు. మూడు వారాలకు ఆ ఫోన్లు ఆగిపోయాయి.

క్లబ్‌కు రమ్మంటే రెండుసార్లు వచ్చాడు. తెర వెనక మార్చుకోవడానికి అతని దగ్గర ఇక తెల్లచొక్కా లేదు. మూల నిలబడ్డాడు, ఊగలేదు. మేమంతా కుటుంబం కుటుంబం అని మైకులో అరిచేవాళ్ళం. నిజం చెబుతున్నాను, వినండి. క్లబ్బు కుటుంబం కాదు. వారానికి ఐదు గంటలు. బడి గేటు దగ్గర పరుగెత్తుకొచ్చే పిల్లను అది ఇవ్వలేదు. ఇవ్వగలదని మైకులో చెప్పకండి, నమ్మేవాళ్ళుంటారు.

ఐర్లండ్ పడమటి వైపు, మాయోలో ఒక వృద్ధుల హోంలో ఉద్యోగంతో పాటు గది కూడా ఇస్తామన్నారు. వెళ్ళిపోయాడు. స్టేషన్‌లో డబ్బాలో పులిహోర పెట్టి ఇచ్చాను. అంతకంటే ఏం చేయాలో తెలియలేదు.

సునీత

రెండేళ్ళ తర్వాత, నేను మానేసే ఏడాది, ఒక ఆదివారం నాలుగింటికి మా క్లబ్బు మెట్ల మీద ఒకామె నిలబడింది. కోటు కింద నర్సు యూనిఫాం. కళ్ళు అచ్చం ఇమ్మానుయేలువే. నేను ఇంగ్లీషులో పలకరించాను. ఆమె తెలుగులోనే మాట్లాడింది.

"నేను ఇమ్మానుయేలు అక్కనండీ. లోపలికి రాను. ఒకటి అడిగి వెళ్ళిపోతాను."

ఆమెను తిట్టాలని రెండేళ్ళుగా మాటలు కూడబెట్టుకుని ఉన్నాను. ఆమె చేతులు చూశాక ఒక్కటీ రాలేదు. సబ్బుకీ శానిటైజరుకీ పగిలిపోయి ఉన్నాయి.

"ఆ పాట మీ దగ్గర ఉందాండీ? హన్నాకి నిద్ర పట్టట్లేదు. నాకు పాట గుర్తే, నేను పాడతాను. దట్స్ నాట్ ఇట్ అంటుంది. గోడవైపు తిరిగి పడుకుంటుంది. మా గ్రూపులో అందరూ తీసేశారు. నేనూ తీసేశాను. మీ దగ్గరైనా ఉంటుందని."

"తమ్ముడినే అడగొచ్చు గదమ్మా."

"ఏ మొహం పెట్టుకుని అడగనండీ? ఆ రోజు నేను వెనక్కి తిరగలేదు."

లేదని చెప్పాను. తీసేశానని, ఫోలా దగ్గర కూడా తీయించానని చెప్పాను. ఆమె అర్థం కానట్టు చూసింది. "అంతా తీసేశారా?" అంది. తర్వాత తడి మెట్టు మీదే కూర్చుంది. కింద ఫోలా ఏదో హుషారు పాట వేస్తోంది, ఆ దడ మా పాదాల్లోకి వస్తోంది. కాసేపటికి లేచి, డ్యూటీ ఉందని వెళ్ళిపోయింది.

మర్నాడు మాయోకి ఫోన్ చేశాను. పొయ్యి మీద ఏదో మరుగుతున్న చప్పుడు వినిపిస్తోంది. జరిగింది చెప్పాను.

"అక్క మెట్లు దిగి వచ్చిందా?" అన్నాడు.

"సగం దిగింది. ఒక్కసారి ఫోన్ల పాడి పంపరాదురా. పిల్ల కోసం."

"రావట్లేదక్కా. ప్రయత్నించకుండా చెప్తున్నాననుకోకండి. ఇక్కడ ముసలాళ్ళు పాడమంటారు. నోరు తెరుస్తాను, ఎవరు వింటున్నారో అని ముందు తలుపు చూస్తాను. అంతే, గొంతు మూసుకుపోద్ది."

"తప్పంతా నాదేరా. అది పెట్టకుండా ఉండాల్సింది."

"పెట్టినందుకు నాకు కోపం లేదక్కా. ఎప్పుడూ లేదు." పొయ్యి ఆపిన చప్పుడు వినిపించింది. "కానీ ఎందుకు తీసేశారు? తీసేయమని నేను అడగలేదు గదా. నా జన్మకి నేను బాగా పాడింది ఆ ఒక్క రోజేనక్కా."